పూత మందు వద్దు, బాల్కనీ లైటు ఆర్పండి

మొక్క పూయడం లేదని ఎవరైనా అనగానే మనవాళ్లు ముందు వంటింట్లోకి వెళ్తారు. అరటి తొక్కలు నానబెట్టిన నీళ్లు, ఉల్లిపొట్టు నీళ్లు, వాడేసిన టీపొడి, బియ్యం కడుగు, పుల్ల మజ్జిగ. అవన్నీ అయ్యాక ఎముకల పొడి. దానికీ లొంగకపోతే నర్సరీకి వెళ్లి, మీద చేటంత పువ్వు బొమ్మ ఉన్న ‘పూత మందు’ సీసా. గులాబీకో మందారానికో వీటిలో కొన్ని పనికొస్తే రావచ్చు, వాటి జోలికి నేను పోను. కలంచో, అడీనియం, కాక్టస్, బ్రహ్మకమలం లాంటి, ఒంట్లో నీళ్లు దాచుకునే మొక్కల (సక్యులెంట్ల) విషయంలో మాత్రం ఈ దారి మొత్తం తప్పంటాను. అవి ఆకలికి పూత మానేయలేదు. మనిళ్లల్లో వాటికి సరైన రాత్రి లేదు, చాలినంత ఎండ లేదు, ఏడాదిలో కొన్నాళ్లైనా వాటిని వాటి మానాన వదిలేసేవాళ్లు లేరు.

ముందు ఎరువు సంగతి తేల్చేద్దాం. భాస్వరం వేస్తే పూలొస్తాయన్నది చాలామందికి లెక్కల ఎక్కం లాంటి నమ్మకం. మొక్కకి భాస్వరం కావాలి, నిజమే. మట్టిలో అది బొత్తిగా లేకపోతే వేరు కూడా సరిగా సాగదు. కానీ లోటు తీరాక పోసే చెంచా పువ్వు కాదు. ఎక్కువైన భాస్వరం వల్ల వేర్లు ఇనుము, జింకు సరిగా అందుకోలేవు, లేతాకులు పాలిపోతాయి. నత్రజని ఎక్కువైతే ఇంకో తిప్పలు: ఆకు నీరు పట్టి మెత్తబడుతుంది, సన్నగా సాగుతుంది, పిండినల్లికి విందు. సక్యులెంట్లు పుట్టింది పేద నేలల్లో. పెరిగే కాలంలో ఒకటి రెండుసార్లు, డబ్బా మీద రాసినదాంట్లో సగం మోతాదు వేస్తే వాటికి చాలు. తొక్కల నీళ్ల వల్ల నాకు కచ్చితంగా కనిపించే ఫలితం ఒక్కటే, దోమల్లాంటి చిన్న ఈగలు.

మరి పూతని నడిపేదేమిటి? చాలా మొక్కల్లో అది క్యాలెండరు. 1920లో అమెరికా వ్యవసాయ శాఖలో పనిచేసే గార్నర్, అలార్డ్ అనే ఇద్దరు, ఎంత ఎత్తు పెరిగినా వేసవిలో పూయని ఒక పొగాకు రకం మీద చేసిన పని ప్రచురించారు. దాన్ని రోజూ కొన్ని గంటల ముందే చీకట్లో పెడితే, నడివేసవిలోనే పూసింది. ఎరువు మార్చలేదు, నీళ్లు మార్చలేదు. పగలు తగ్గించారు, అంతే. తర్వాతివాళ్లు తేల్చిన విషయం ఇంకా తమాషాగా ఉంటుంది: మొక్క కొలిచేది పగటిని కాదట, రాత్రిని. అదీ ముక్కలు కాని రాత్రిని. నడిరేయి కాసేపు దీపం వెలిగిస్తే చాలు, ఆ మొక్క లెక్కలో అది ఒక పొడవైన రాత్రి కాదు, రెండు పొట్టి రాత్రులు.

ఈ విషయంలో మన బాల్కనీల్లో అందరికంటే ఎక్కువ అన్యాయం జరిగేది కలంచోకి. డిసెంబరు, జనవరి నెలల్లో ఏ నర్సరీకి వెళ్లినా ఎరుపు, పసుపు, నారింజ గుత్తులతో చిన్న కుండీల్లో వరసగా కనిపిస్తుంది. సొంతూరు మడగాస్కర్. జర్మనీలోని పోట్స్‌డామ్‌లో రాబర్ట్ బ్లాస్‌ఫెల్డ్ అనే నర్సరీ యజమాని 1932లో దాన్ని అమ్మకానికి తెచ్చాడు. దాని శాస్త్రీయ నామంలో ఇప్పటికీ ఆయన పేరే ఉంది. యూరప్‌లో దాన్ని ఏడాది పొడవునా పూయించడానికి గ్రీన్‌హౌస్‌లలో సాయంత్రం కాగానే నల్ల తెరలు లాగుతారు. మనకా ఖర్చు లేదు. హైదరాబాద్‌లో జూన్‌లో పగలు 13 గంటలు దాటుతుంది, డిసెంబరులో 11 గంటలకి కాస్త ఎక్కువ, అంతే. అంటే దసరా దాటిందంటే రాత్రి పగటికంటే పొడవు, సంక్రాంతి దగ్గరపడేసరికి దాదాపు 13 గంటలు. కలంచోకి కావలసిన చీకటి ఉచితంగా మేడ మీదికి దిగుతోంది.

దిగిన చీకటిని మనమే తరిమేస్తున్నాం. హాల్లో ట్యూబ్‌లైటు రాత్రి పదకొండు దాకా. బాల్కనీకి ఎదురుగా తెల్లటి ఎల్ఈడీ వీధి దీపం తెల్లవార్లూ. మెట్ల దగ్గర మనిషి కదిలితే వెలిగే సెన్సార్ లైటు, దాని కిందే అందంగా పేర్చిన కుండీలు. కొన్న ఏడాది పూసి మళ్లీ ఎప్పుడూ పూయని కలంచోల్లో చాలావాటి కథ ఇదే. అవి ఆరోగ్యంగానే ఉంటాయి, ఆకు నిగనిగలాడుతూ ఉంటుంది, చలికాలం వచ్చిందని మాత్రం వాటికి తెలియదు.

చేయవలసింది తేలికే. దసరా నుంచి ఆరు వారాల పాటు సాయంత్రం ఐదున్నరకి దాని మీద అట్టపెట్టె బోర్లించి, పొద్దున్న ఏడున్నరకి తీసేయండి. పద్నాలుగు గంటల చీకటి. పగలు మాత్రం మంచి ఎండ తగలాలి. చీకటి పేరు చెప్పి రోజంతా బీరువా వెనక పెడితే పూయదు, ఎండకి తయారయ్యే బలమే పూతకి పెట్టుబడి. నీళ్లు తగ్గించండి, ఎరువు ఆపేయండి. చిన్న మొగ్గలు కంటికి కనిపించాక పెట్టె అక్కర్లేదు. మొత్తం మీద పది పన్నెండు వారాలు పడుతుంది, కాబట్టి దసరాకి మొదలుపెడితే సంక్రాంతికి పూలు. కోస్తాలో అక్టోబరు రాత్రులు ఇంకా ఉక్కగానే ఉంటాయి, ఆ వేడికి మొగ్గ ఆలస్యమవుతుంది. అక్కడివాళ్లు దీపావళి వెళ్లాక మొదలుపెట్టడం మేలు. మీ డాబా మీద వీధి దీపం పడకపోతే ఈ పెట్టెల గొడవే లేదు. కుండీని పైకి మార్చి మర్చిపోండి.

ఇదే దీపం ఇంకో మొక్క చేత పూయిస్తుంది! డ్రాగన్ ఫ్రూట్ కూడా కాక్టసే, దానిది పూర్తిగా తలకిందుల లెక్క. పగలు పొడుగ్గా, రాత్రి పొట్టిగా ఉంటేనే పూస్తుంది, అందుకే మన దగ్గర దాని పూత వేసవి నుంచి వానాకాలం చివరి దాకా. వియత్నాంలో చలికాలం రాత్రిళ్లు తోటల నిండా బల్బులు వెలిగించి దాన్ని మోసం చేసి కాయిస్తారు. తెలుగు రాష్ట్రాల్లోనూ కొందరు రైతులు ఆ పద్ధతి పట్టుకున్నారు. ధర బాగున్న కాలంలో పంట చేతికొస్తే కరెంటు బిల్లు గిట్టుబాటవుతుందని వాళ్ల లెక్క. ఒక బల్బు కలంచో పూతని చంపుతుంది, అదే బల్బు డ్రాగన్ చేత పూయిస్తుంది. ఇక ‘అన్ని మొక్కలకీ ఒకే పూత మందు’ అమ్మేవాణ్ణి ఏమనాలి?

డ్రాగన్‌కి వరసకి చుట్టం బ్రహ్మకమలం. హిమాలయాల్లో పూసే అసలు బ్రహ్మకమలం వేరని, మనిళ్లల్లో ఉన్నది మెక్సికో నుంచి వచ్చిన కాక్టస్ అని చెప్పి పండగ పూట రసభంగం చేసే మనిషి ప్రతి అపార్ట్‌మెంట్‌లోనూ ఒకడుంటాడు. మా అపార్ట్‌మెంట్‌లో అది నేనే. అయినా పూసిన రాత్రి పిలిస్తే వెళ్తాను. శ్రావణమాసంలో తొమ్మిది దాటాక మొగ్గ కదలడం మొదలవుతుంది, పది పదకొండుకి పళ్లెమంత విచ్చుకుంటుంది, మెట్ల దాకా వాసన. పక్కింటి పిన్నిగారు కుంకుమ పెట్టి హారతిస్తారు, పిల్లలు నిద్రకళ్లతో ఫోటోలకి నిలబడతారు. తెల్లారేసరికి మెడ వాల్చేస్తుంది. దాని సొంత అడవిలో ఆ వాసన, ఆ తెలుపు అన్నీ రాత్రి తిరిగే పెద్ద రెక్కల పురుగుల కోసం. మన హారతి దానికి అదనం.

ఇది పూయకపోతే కారణాలు మూడు నాలుగే. చెట్ల కొమ్మల మీద, ఆకుల సందుల్లోంచి పడే వెలుతురులో పెరిగే మొక్క కదా అని దీన్ని మెట్ల కింద చీకట్లో పెట్టేస్తారు. దానికి నీడ కావాలన్నది సగం నిజం. మిగతా సగం ఏమిటంటే, పొద్దుటి ఎండ రెండు మూడు గంటలైనా తగలాలి. రెండోది వయసు. మనం ఆకు అనుకునేది నిజానికి బల్లపరుపు కాండం, దాని అంచు నొక్కుల్లోంచే మొగ్గ వస్తుంది, అదీ ముదిరిన కాండం మీద. అడ్డదిడ్డంగా పెరిగిందని ఏటా కత్తిరించే చక్కదనం పిచ్చి ఉన్నవాళ్లింట్లో అది ముదిరేదెప్పుడు? మూడోది పెద్ద కుండీ. వేర్లు కాస్త ఇరుగ్గా ఉంటేనే ఇది బాగా పూస్తుంది, ఊరికే మార్చకండి. సంక్రాంతి ముందు నుంచి శివరాత్రి దాకా నీళ్లు బాగా తగ్గించి, ఉగాది తర్వాత మళ్లీ పెంచండి. మొగ్గ కనిపించాక కుండీని జరపొద్దు, తిప్పొద్దు, మట్టి పూర్తిగా ఎండనివ్వొద్దు. రాలిపోయిన మొగ్గల్లో చాలావరకు ఇంటికొచ్చిన చుట్టాలకి బాగా కనపడాలని కుండీ జరిపిన పుణ్యమే.

ఎండ విషయంలో నాకు ఇంటర్నెట్ సలహాల మీద ఇంకో ఫిర్యాదుంది. ‘దక్షిణం వైపు కిటికీ శ్రేష్ఠం’ అని ప్రతిచోటా రాస్తారు. రాసేవాళ్లు లండన్‌లోనో న్యూయార్క్‌లోనో ఉంటారు, వాళ్లకి సూర్యుడు ఏడాదంతా దక్షిణానే. మనకలా కాదు. హైదరాబాద్‌లో మే 9, ఆగస్టు 3 ప్రాంతాల్లో మధ్యాహ్నం నిలువు కర్రకి నీడే ఉండదు, ఆ మధ్యకాలమంతా మధ్యాహ్నపు సూర్యుడు మన నడినెత్తికి ఉత్తరంగా వెళ్తాడు. అంటే పైన స్లాబు ఉన్న దక్షిణపు బాల్కనీలో చలికాలం ఎండ గోడ దాకా పరుచుకుంటుంది, నడివేసవిలో చుక్క పడదు. కలంచోకి ఆ బాల్కనీ బంగారం. వేసవిలో పూయాల్సిన అడీనియంకి పనికిరాదు, దాన్ని డాబా మీదికో, తూర్పు పడమర ఎండ సూటిగా వచ్చే చోటికో మార్చాల్సిందే. తూర్పు ముఖమా ఉత్తర ముఖమా అని వాస్తు అడిగి ఫ్లాటు కొనే మనం, కుండీ పెట్టేముందు ఏ నెలలో ఎండ ఎక్కడ పడుతుందో ఒక్కసారి చూడం.

అడీనియం గురించి ఎంత చెప్పినా తనివి తీరదు. సహారాకి దక్షిణాన ఉన్న ఆఫ్రికా, అరేబియా దాని పుట్టిల్లు. మన వేసవి దానికి సొంతూరి వాతావరణం. నలభై డిగ్రీల ఎండలో మిగతా తోటంతా సోలిపోతే ఇది ఆకు కనపడకుండా పూస్తుంది. దానికి కావలసింది పొడి చలికాలం, పూర్తి ఎండ, కత్తెర. డిసెంబరులో నీళ్లు బాగా తగ్గించండి. ఆకులన్నీ పసుపెక్కి రాలతాయి, కంగారు పడి ఇంకా నీళ్లు పోయకండి. దుంపలా ఉబ్బిన మొదలు కుళ్లేది సరిగ్గా ఆ కంగారులోనే. ఫిబ్రవరిలో, చలి విరగ్గానే, కొమ్మల్ని ధైర్యంగా పొట్టిగా కత్తిరించండి. పూత కొమ్మ చివరే వస్తుంది కాబట్టి, ఒక కొమ్మ కోసిన చోట రెండు మూడు వస్తే అన్ని గుత్తులు. ఉగాది దాటాక మీకే తెలుస్తుంది. కోసేటప్పుడు కారే పాలు విషం, ఆఫ్రికాలో బాణాలకి పూసేవాళ్లు. చేతులు కడుక్కోండి, పిల్లల్ని దూరంగా ఉంచండి. మట్టిలో సగానికి పైగా ముతక ఇసుకో రాతి చిప్సో ఉండాలి. నర్సరీ నుంచి వచ్చిన కోకోపీట్ (కొబ్బరి పొట్టు) ముద్దలోనే ఉంచితే మొదటి ముసురుకే దుంప మెత్తబడుతుంది.

ఇక్కడ ఒక అపోహ. ‘నీళ్లు మాడ్చి చంపే దాకా తెస్తే, చచ్చిపోతానన్న భయంతో పూస్తుంది’ అని కొందరు పెద్దమనుషులు ఉపదేశిస్తారు. విశ్రాంతికీ వేధింపుకీ తేడా ఉంది. చల్లగా, పొడిగా, వెలుతురులో ఉన్న మొక్క తన కాలం ప్రకారం ఆగుతోంది. ఎర్రటి ఎండలో, చిన్న ప్లాస్టిక్ కుండీలో, వేర్లు మాడిపోయేలా ఎండబెట్టిన మొక్క ఉన్న బలం కూడా పోగొట్టుకుంటోంది. మామిలేరియా జాతి కాక్టస్‌ని చూస్తే ఇది బాగా అర్థమవుతుంది. నెత్తి చుట్టూ కిరీటంలా పూసే చిన్న పూలు నిరుడు పెరిగిన బొడిపెల సందుల్లోంచి వస్తాయి. నిరుడు వానాకాలంలో బాగా పెరగనిస్తే ఈ వేసవి ముందు కిరీటం నిండుగా ఉంటుంది. నిరుడంతా మాడ్చిపెట్టి ఈ ఏడు పూయమంటే ఎక్కడినుంచి పూస్తుంది?

అలాగే చలి. మా అక్క వాళ్లది కాకినాడ. “ఏరా, నీ దగ్గర పూసిన కాక్టస్ నా దగ్గర ఊరికే ఉబ్బుతోంది గానీ మొగ్గెయ్యదేం?” అని ఏటా అడుగుతుంది. “మా ఊళ్లో డిసెంబరు రాత్రి పదిహేను డిగ్రీలకి పడిపోతుందక్కా, మీకు సముద్రం పడనివ్వదు” అంటే, “అయితే ఫ్రిజ్‌లో పెట్టమంటావా?” అంటుంది. నవ్వులాటకే అన్నా దాన్లో అసలు విషయం ఉంది. మన మార్కెట్లోకి వచ్చే కాక్టస్‌లలో చాలావరకు పశ్చిమ బెంగాల్‌లోని కాలింపాంగ్ లాంటి కొండ ఊళ్లలో పెరిగినవి. చల్లని రాత్రుల్లో మొగ్గ తొడిగి, పూలతో సహా లారీ ఎక్కి వస్తాయి. ఆ పూత అక్కడి చలి ఇచ్చింది. మదనపల్లె వైపు, అరకులో, కొంతవరకు హైదరాబాద్‌లో అది మళ్లీ దొరకొచ్చు. కాకినాడలో, మచిలీపట్నంలో కష్టం. ఎచవేరియా, జేడ్, క్రిస్మస్ కాక్టస్‌లదీ ఇదే బాపతు. కోస్తాలో వీటికి పూత ఆశించి కొనకండి. ఆకు అందం కోసం కొంటే సరే, అయితే వానాకాలం దాటించడమే గొప్ప. గోల్డెన్ బ్యారెల్ అనే గుండ్రటి కాక్టస్ అయితే ఏ ఊరైనా ఒకటే, పూతకొచ్చేసరికి ఇంట్లో పుట్టిన పిల్లలు కాలేజీకి వెళ్తారు.

కొనేటప్పుడు ఇంకో జాగ్రత్త. నెత్తిన ఎర్రటి, పసుపుపచ్చటి బంతి ఉన్న కాక్టస్‌లు అమ్ముతారు, అది పువ్వు కాదు. ఆకుపచ్చదనం లేని కాక్టస్‌ని డ్రాగన్ ఫ్రూట్ జాతి కాండం మీద అంటుకట్టారు, అంతే. దానికంటే ఘోరం, ఎండిన కాగితం పువ్వుని వేడి జిగురుతో ముళ్ల మధ్య అతికించి ‘పూసింది’ అని అమ్మడం. గోటితో మెల్లగా కదిపి చూడండి. నెలలు గడిచినా వాడని పువ్వుని చూసి మురిసిపోయేవాళ్లని నేనెరుగుదును. పీకితే కాక్టస్ తోలు ఊడొస్తుంది.

మరి కోస్తావాళ్లు పూత కోసం ఏం పెంచాలి? అడీనియం మొదటిది. తర్వాత యుఫోర్బియా, ఆ ముళ్ల కాడలూ, చివర రెండు రంగు రెక్కల పూలూ ఉండేది. రోజంతా ఎండ పడితే ఏడాదంతా పూస్తూనే ఉంటుంది, దానికి విశ్రాంతి లెక్కలేమీ అక్కర్లేదు. నాచు పూలు, టేబుల్ రోజ్ అనేవాళ్లు కూడా ఉన్నారు, ఎండ ముదిరితే విచ్చుకునే ఆ రంగురంగుల పూలు కూడా సక్యులెంట్లే. ఎవరూ ఆ పేరుతో పిలవరు కాబట్టి ఇరవై రూపాయలకి దొరుకుతున్నాయి. ఇవి పూయకపోతే కారణం నీడే, ఇంకేమీ వెతకక్కర్లేదు.

పెరటి చెట్టు మందుకు పనికిరాదని ఊరికే అనలేదు. రాయలసీమ, తెలంగాణ గుట్టల మీద రాళ్ల సందుల్లో, ముళ్లపొదల కింద కుందేటికొమ్ములు పెరుగుతాయి. పచ్చళ్లకీ కూరకీ కోసుకొస్తారు గానీ కుండీలో పెట్టినవాళ్లు అరుదు. అది అచ్చమైన దక్కను సక్యులెంట్. సామర్లకోటలో ఉండి కోరమండల్ తీరపు మొక్కల మీద పుస్తకం వేసిన వృక్షశాస్త్రవేత్త విలియం రాక్స్‌బర్గ్, దాని తెలుగు పేరు ‘కారల్లం’ అని రాసుకున్నాడు. ఆ పేరు మీదే ఆ జాతి మొత్తానికి ‘కారల్లుమా’ అన్న శాస్త్రీయ నామం వచ్చింది. సన్నని నాలుగు పలకల కాడలు, వాటి చివర ముదురు ఊదారంగు చిన్న పూలు. ఈగల్ని పిలిచే పూలు కాబట్టి సువాసన ఆశించకండి. దీని బంధువు, ఆఫ్రికా నుంచి వచ్చిన స్టపేలియా, ఇంకా పెద్ద నక్షత్రంలా పూస్తుంది. దాని కంపుకి ఈగలు మోసపోయి పువ్వులోనే గుడ్లు పెడతాయి. రెండింటికీ సూత్రం ఒకటే: రాళ్లు కలిసిన మట్టి, సగం ఎండ, వానాకాలంలో నీళ్లు, చలికాలంలో పొడి. దుబారా ఏమీ లేదు. రణపాల ఇంకా సులువు. మడగాస్కర్ నుంచి వచ్చినా మన ఊరిదైపోయింది, కలంచోకి అక్కచెల్లెలు వరస. ఆరుబయట ఉన్న రణపాల ఎవరూ చూడకుండానే చలికాలం చివర గంటల్లాంటి పూలు వేలాడదీస్తుంది, అదే ఇంట్లో కిటికీ పక్కన ఉన్నది ఏళ్ల తరబడి ఆకులే వేస్తుంది. చీకటి సంగతి నమ్మబుద్ధి కాకపోతే రెండు రణపాలలు పెట్టి చూసుకోండి.

కలబంద కూడా పూస్తుంది, చాలామంది చూడలేదు. దిష్టికని గుమ్మానికి తలకిందులుగా కట్టినది పూయదు లెండి. నేలలోనో పెద్ద తొట్టిలోనో, రోజంతా ఎండలో, పిలకలు ఎప్పటికప్పుడు విడదీస్తూ ఉంటే మూడు నాలుగేళ్ల తల్లిమొక్క చలికాలంలో పసుపుపచ్చటి కంకి వేస్తుంది. పిలకలన్నీ కిక్కిరిసిన చిన్న కుండీలో ఏ ఒక్కటీ ఆ వయసుకి రాదు. బ్రహ్మకమలానికి ఇరుకు మంచిదన్నాను కదా అని దీనికీ వర్తింపజేయకండి.

చివరగా కిత్తనార. రైలుకట్టల పక్కన, చేల గట్ల మీద కత్తుల్లాంటి ఆకులతో ఉండేది. దీన్ని పూయించాలని మాత్రం ఎవరూ ప్రయత్నించకండి. పదేళ్లు, ఒక్కోసారి ఇంకా ఎక్కువ, దాచుకున్నదంతా ఒకే కంబానికి ఖర్చుపెట్టి, మనిషికి మూడు నాలుగింతల ఎత్తు లేచి, పూసి చచ్చిపోతుంది. కాడ మొదలవుతుండగానే కోసేస్తే బతుకుతుందేమో అని అడుగుతుంటారు. బతకదు, ఆ మొక్క పని అప్పటికే అయిపోయింది. కంబాన్ని అలాగే ఉంచేయండి. పూలు రాలిన చోట బుల్లి కిత్తనారలు గుత్తులుగా పుడతాయి, వాటిని గిల్లి ఇసుకలో గుచ్చితే చాలు. వాన పడే ముందు చేయండి. అన్నీ నాటడానికి మాత్రం మీ డాబా చాలదు.